ఎదురెదురు బాసింగాలు

కిరీటాల గురించి నాకు కాస్త తెలుసు. తెనాలి హైస్కూల్లో పదో తరగతికి సాంఘికశాస్త్రం చెబుతాను. గ్రీకులు పరుగుపందెం గెలిచినవాడికి ఆలివ్ కొమ్మ వంచి తలకు చుట్టేవారు. రోమనులు యుద్ధం గెలిచిన సేనానికి ఆకుల దండ పెట్టి ఊరేగించేవారు. ఏసుక్రీస్తుకు ముళ్ళు దక్కాయి, మన రాజులకు బంగారం. పిల్లలకు ఈ పాఠం ఇష్టం, ఎందుకంటే పరీక్షలో తప్పకుండా వస్తుంది. ఏడాదికోసారి అదే పాఠం అవే నవ్వులతో చెప్పుకుంటూ వచ్చాను గానీ, నా నుదుట కూడా ఒకప్పుడు ఒక కిరీటం ఉండేదని, అది ఇంకా పుంగనూరులో ఒక దూలానికి వేలాడుతోందని ఏనాడూ తలుచుకోలేదు.

పెళ్లిలో కట్టే బాసింగం మాట చెబుతున్నాను. బెండుముక్క, జరీకాగితం, నాలుగు పూసలు. మా వైపు పెళ్లి ముచ్చట్లు తీరగానే దాన్ని కాలవలో వదిలేస్తాం. మా ఆవిడ సరోజ పుట్టింటివాళ్ళు అలా కాదు. పెళ్లికొడుకుదీ పెళ్లికూతురిదీ రెండు బాసింగాలను ముఖాముఖి చేర్చి, పసుపుదారంతో చుట్టి, పెళ్లికూతురి పుట్టింట్లో దూలానికి కడతారు. ఇద్దరూ బతికున్నంతకాలం వాటిని ఎవరూ ముట్టుకోరు. ఇద్దరిలో ఒకరు పోయిన రోజున మిగిలినవారు తమ చేత్తో ఆ దారం తెంపాలి. పోయినవారి బాసింగాన్ని వాళ్ళ నుదుట కట్టి సాగనంపాలి.

కిందటి కార్తీకంలో సరోజ గుంటూరు ఆసుపత్రిలో చనిపోయింది. పుంగనూరు నుంచి మా అత్త రాలేకపోయింది, బాసింగమూ రాలేదు. మేము మా పద్ధతిలో కానిచ్చేశాం. అప్పటి నుంచి మా అత్త చెంగమ్మ నెలకోసారి ఎస్టీడీ బూతుకు మోయించుకుని వెళ్లి మరీ ఫోన్ చేసేది. అన్నిసార్లూ ఒకే మాట: "ఒచ్చి ఆ దారం తెంపు నాయనా. బిడ్డ పోలేక ఆడే ఉండాది."

నాకు ఇలాంటివాటి మీద నమ్మకం లేదు. అయినా తెంపడం ఇష్టం లేదు. నమ్మకమే లేనివాడికి ఇష్టాయిష్టాలేమిటయ్యా అని మీరడగొచ్చు. అడగండి. వేసవి సెలవులిచ్చారు, ఇక తప్పించుకోవడానికి సాకు లేదు, బయల్దేరాను.

మదనపల్లె

మదనపల్లె చల్లని ఊరని అందరూ అంటారు. ఆ ఏడు చల్లగా లేదు. వరసగా వానలు లేక కొండలు కూడా బూడిదరంగులో ఉన్నాయి. ఊరి బయట రోడ్డు వారన టమాటాలు కుప్పలుగా పారబోసి ఉన్నాయి. ఆవులు వాటిని కూడా తినడం మానేసి పక్కన పడుకున్నాయి. బస్సులో నా పక్కనున్న రైతు చెప్పాడు, మండీకి తెచ్చిన బాడుగ కూడా రాలేదని, అందుకే వెనక్కి మోసుకుపోకుండా పోసేశారని. ముందు రోజు తెనాలిలో కిలో నాలుగు రూపాయలకు కొన్న సంగతి అతనికి చెప్పలేదు.

పుంగనూరు బస్సుకు టైముంది. ఊళ్ళో దొరల కాలంనాటి సమాధుల తోట ఒకటి ఉందని సరోజ చెబుతుండేది. బి.ఇడి. చదివేటప్పుడు తిరుపతి నుంచి ఇంటికి వస్తూ స్నేహితురాళ్లతో అక్కడ కూచుని బొరుగులు తినేవాళ్ళట. వెతుక్కుంటూ వెళ్లాను. ఎక్కడో సముద్రాల అవతల పుట్టి ఈ ఎండలో చచ్చిపోయిన మనుషులు అక్కడ వరసగా పడుకుని ఉన్నారు. రాళ్ళ మీద పూలదండలు చెక్కారు. గుండ్రటి దండ, కింద రిబ్బను ముడి. గుండ్రంగా ఉండేదానికి మొదలూ చివరా ఉండదు గనుక అది చావులేనితనానికి గుర్తని వాళ్ల నమ్మకం. నేనే పిల్లలకు చెప్పాను.

తోట కాపలాదారు ముసలాయన గేటు దగ్గర బీడీ కాలుస్తున్నాడు. రాతి దండలు బాగున్నాయన్నాను.

"బాగుండవా సార్ మరి. వాళ్ళ పూలకి నీళ్ళు అక్కర్లే. మా పూలకే కరువంతా" అన్నాడు.

బస్టాండు పక్కన పూలంగడి ఉంది. కనకాంబరాలంటే సరోజకు ప్రాణం. మల్లెపూల ఊరికి కాపురానికొచ్చి కూడా, వాసనలేని ఈ పూల కోసం బెంగపెట్టుకునేది. రెండు రోజులైనా వాడవు కదా అని దండ అడిగాను. పూలావిడ అరటినారతో అల్లుతూ తలెత్తకుండానే అడిగింది.

"దేనికప్పా? పెండ్లికా, సావుకా?"

ఏమని చెప్పను? చావు ఎప్పుడో అయిపోయింది. పెళ్లి అంతకన్నా ఎప్పుడో అయిపోయింది. "ఎంత?" అన్నాను చివరికి.

"ఇరవై."

"పదికి ఇవ్వు." ఇది తెనాలివాడి నోటికి దానంతటదే వచ్చే మాట, నా ప్రమేయం లేదు.

ఆవిడ మొహం విప్పారింది. "అట్లయితే పెండ్లికే!" అంది. ఎలా తెలిసిందన్నాను. "సావు పూలకి యెవురూ బేరమాడరప్పా. అడిగినంత ఇచ్చి కండ్లు తుడుసుకుంటా పోతారు. మేమూ ఎక్కువ సెప్పం. పెండ్లోళ్ళే కొట్లాడతారు." పన్నెండు తీసుకుని దండను తామరాకులో చుట్టి, పైన ఒక గులాబీ కొసరు వేసింది. "పెండ్లి బాగా జరగాల" అంది.

కాదమ్మా అనలేకపోయాను. సరేనని తలూపి వచ్చేశాను.

పుంగనూరు బస్సులో ఒక కిరీటం

బస్సులో నా పక్కన తెల్లచొక్కా మనిషొకడు ఒళ్లో పెద్ద అట్టపెట్టెతో కూచున్నాడు. గుంత వచ్చినప్పుడల్లా దాన్ని చంటిబిడ్డలా గుండెకు హత్తుకుంటున్నాడు. ఏమిటని అడిగితే మూత తీసి చూపించాడు. వెండి కిరీటం. పుంగనూరులో ఎవరో పెద్ద నాయకుడి సభ ఉందట, ఆయన తలకు పెట్టడానికి తీసుకుపోతున్నాడు.

"వెండేనా?" అన్నాను.

"పైన వెండినీళ్ళు సార్. లోపల ఏముండాదో సేసినోడికే ఎరుక. ఇది మాకందరికీ కలిపి ఒకటే. ఎవురొచ్చినా ఇదే పెడతాము."

"తల సైజు సరిపోవద్దూ?"

"ఎనక స్క్రూ ఉండాది" అని తిప్పి చూపించాడు. నిజమే. ఎలాంటి తలకైనా పడుతుంది. "పోయినతూరి ఒకాయన తీయకుండానే కారెక్కేసినాడు సార్. మేము రెండు మోటారు సైకిళ్ళేసుకోని పలమనేరు దాకా ఎంటబడితిమి."

"ఇచ్చాడా?"

"యాడ! నిద్రపోతా ఉండాడు. తలకాయ కదలకుండా మెల్లిగా స్క్రూ వదులు సేసి తీసుకున్యాము. ఇంతవరకూ ఆయనకి తెలీదు."

పొట్ట చెక్కలయ్యేలా నవ్వాను. నవ్వుతూనే ఇటుపక్కకు తిరిగాను, సరోజకు చెబుదామని. ఇటుపక్క కిటికీ ఉంది. ఇరవై మూడేళ్ళు నవ్వొచ్చినప్పుడల్లా ఒకవైపు తిరిగిన మెడ, మనిషి లేదని చెప్పినా వినదు. ఏడ్చేటప్పుడు ఆవిడ లేకపోవడం నాకు అలవాటైంది. నవ్వొచ్చినప్పుడే తట్టుకోలేకపోతున్నాను. తెల్లచొక్కా మనిషి నా మొహం చూసి, ఏమనుకున్నాడో, కిరీటం నా చేతుల్లో పెట్టి "పట్టుకోండి సార్, ఏం కాదు" అన్నాడు. కాసేపు పట్టుకున్నాను. అట్టముక్కంత తేలిగ్గా ఉంది.

పుంగనూరు

మా మామగారు పోయాక అత్త ఒక్కతే ఈ ఇంట్లో ఉండేది. సరోజ చనిపోయిన తర్వాత ఆవిడ మంచం పట్టింది. కొడుకు రెడ్డెప్ప కుప్పం దగ్గర తన పొలానికి తీసుకుపోయి, ఈ ఇల్లు ఖాజా అనే టైలరుకు బాడుగకిచ్చాడు. నేను వెళ్లేసరికి ఖాజా పెళ్లి బట్టలు కుడుతున్నాడు, అతని భార్య నూర్జహాన్ గుండీలు కుడుతోంది.

"అమ్మ సెప్పింది సార్, ఆ దూలం జోలికి పోవద్దని" అన్నాడు ఖాజా. "సున్నం కొట్టించినప్పుడు కూడా ఆడ వదిలేసినాము, సూడండి." చూశాను. గోడలన్నీ తెల్లగా ఉన్నాయి, ఆ ఒక్క దూలం మాత్రం పొగచూరి నల్లగా ఉంది. దానికి వేలాడుతోంది, ఎండిన బీరకాయంత నల్లటి మూట. నా పెళ్లి.

ఇంకొకరి చెయ్యి తగలకూడదని, నేనే దించి తెచ్చి తన కళ్లముందే తెంపాలని అత్త ఫోనులో మరీ మరీ చెప్పింది. ఖాజా తన కుట్టుస్టూలు ఇచ్చి గట్టిగా పట్టుకున్నాడు. ఎక్కి, లేస్తూనే దూలానికి తల ఠపీమని కొట్టుకున్నాను. బొప్పి కట్టింది. పెళ్లిలో ఇదే ఇంటి గడపకు తల కొట్టుకున్నానని, పొడుగు అల్లుడని అందరూ నవ్వారని అప్పుడు గుర్తొచ్చింది. నూర్జహాన్ చెంబుతో నీళ్ళు తెచ్చి బొప్పికి తడిగుడ్డ అద్దింది.

మూట దించి ఒళ్లో పెట్టుకుని చూశాను. బెండు వెనకభాగాలు పైకి ఉన్నాయి, మసిబారి ఉన్నాయి. ముఖాలు లోపలికి, ఒకదానికొకటి ఆని ఉన్నాయి. చుట్టిన దారం మాత్రం పచ్చగా ఉంది. పొగలో ఇన్నేళ్లున్న దారం ఇంత పచ్చగా ఎలా ఉందా అనిపించింది. మంచి పసుపు పట్టించి ఉంటారులే అనుకుని వదిలేశాను.

"మాకు సెహరా ఉంటాది అన్నా" అంది నూర్జహాన్, మూట వైపు చూస్తూ. "పెండ్లికొడుకు మొహం కనపడకుండా మల్లెపూల జాలర్లు. మీకు నుదుటికి, మాకు మొహానికంతా. మరుసటి దినమే నీళ్ళలో వదిలేస్తాము. దాసిపెట్టుకోము."

"ఎందుకు?"

ఆమె సూదిలో దారం ఎక్కించుకుంది. "దాసిపెట్టుకుంటే ఎదురుసూసుకుంటా ఉండాల కదన్నా" అని గుండీ కుట్టడంలో పడిపోయింది.

ఖాజా కొత్త చొక్కా అట్టపెట్టె ఒకటి ఖాళీ చేసి, అడుగున కత్తిరింపుల ముక్కలు పరిచి ఇచ్చాడు. మూట అందులో సరిగ్గా పట్టింది. కనకాంబరాల దండ కూడా పక్కనే పెట్టాను.

పలమనేరు దాటాక

పలమనేరులో బస్సు మారాలి. దిగి ఒక చిన్న హోటల్లో రాగిసంగటి, ఊరిబిండి పచ్చడి తిన్నాను. మా వైపు అన్నం నమిలి తినేవాళ్లం, సంగటిని నమిలితే పళ్లకంటుకుని చస్తాం. పెళ్లయిన కొత్తలో అత్తగారింట్లో మొదటి ముద్ద నమిలి నమిలి కళ్ళ నీళ్ళు పెట్టుకుంటే, సరోజ చాటుగా పిలిచి "మింగండి, నమలద్దు" అని చూపించింది. ఇప్పుడు నేర్పు వచ్చింది. వేడి చూసుకోకుండా మింగి గొంతు కాల్చుకున్నాను. చూపించడానికి ఎవరూ లేరు.

కుప్పం బస్సులో కాలు పెట్టే చోటు లేదు. శాంతిపురం వైపు రాళ్ల పనివాళ్ళు, బెంగళూరు నుంచి సెలవుకొచ్చినవాళ్ళు. పెట్టెను తల మీద ఎత్తిపట్టుకుని నిలబడ్డాను. కండక్టరు "ఏముండాది సార్ దాంట్లో, అంత భద్రంగా?" అన్నాడు. బాసింగాలన్నాను. "బాసింగాలంట, జరగండి, జరగండి! పెండ్లోళ్ళు" అని అరిచి ఒకమ్మను లేపి నన్ను కూచోబెట్టాడు. లేచినామె కోపగించుకోలేదు, నవ్వింది. దోవ పొడుగునా బస్సంతా నన్ను పెళ్లివాడిగా చూసింది. ఎవరింట్లో పెండ్లి అని ఒకాయన అడిగాడు. మా ఇంట్లోనే అన్నాను. ఇంకేం చెప్పను?

కిటికీలోంచి చూస్తే చెరువులన్నీ నెర్రెలిచ్చి ఉన్నాయి. ఒక చెరువులో పిల్లలు క్రికెట్ ఆడుతున్నారు.

కుప్పం దగ్గర, రెడ్డెప్ప పొలం

రెడ్డెప్ప రోడ్డు మీద ఎదురుచూస్తున్నాడు. సరోజకు ఒక్కగానొక్క తమ్ముడు. బెంగళూరుకు పంపడానికి చామంతి వేసే రైతు. నన్ను చూడగానే మనిషి మొహం అదోలా అయింది, కానీ నా చేతిలోని పెట్టెను మాత్రం ముట్టుకోలేదు. పొలం మీదుగా నడిచాం. చామంతి సగం ఎండిపోయింది. బోర్లు వేసిన చోట్లు వరసగా చూపించాడు, గడ్డి మీద తెల్లటి రాతిపొడి కుప్పలు.

"ఈడొకటి, ఆడొకటి. అన్నీ దుమ్మే వచ్చినాయి బావా. తాగేదానికి ట్యాంకరు తెప్పించుకుంటాండాము. ఈ మిగిలిన మడికి మాత్రం బిందెల్తో పోస్తాము."

"పూలకు రేటుందా?"

"పెండ్లిళ్ళు లేని నెలలో మాకు సావులే దిక్కు బావా. బెంగళూరులో దినామూ యెవురో ఒకరు పోతానే ఉంటారు కదా" అని, అనేశాక నాలుక కరుచుకున్నాడు. భుజం మీద చెయ్యి వేశాను. వాడి మాటలో తప్పేముంది? లోకంలో పూలు బతుకుతున్నదే ఆ రెండింటి మీద.

మా అత్త వసారాలో నులకమంచం మీద ఉంది. ఎప్పుడూ పొలంలో మగవాళ్ళతో సమానంగా తిరిగిన మనిషి, దుప్పటి కింద ఉందో లేదో అన్నట్టు అయిపోయింది. ముద్ద సగం కూడా తినడం లేదని రెడ్డెప్ప దారిలోనే చెప్పాడు. కాళ్ళకు దణ్ణం పెడితే తల నిమిరింది, బొప్పి తగిలింది.

"దూలానికి కొట్టుకున్యావా?"

"ఊ."

"ఎప్పుడూ సూసుకోవు" అంది. తర్వాత కొడుకు వైపు తిరిగి, "నువ్వట్ల బయటికి పో రెడ్డెప్పా" అంది.

పెట్టె తెరిచాను. ముందు దండ చేతిలోకి తీసుకుంది. "ఎంతకిచ్చినారు?" అనడిగింది. ఇరవై చెబితే పన్నెండుకి తెచ్చానన్నాను.

"బేరమాడినావా?" కళ్ళల్లో ఏదో మెరిసింది. "మంచిపని సేసినావు నాయనా. నా బిడ్డకి సావు పూలు తేలేదు నువ్వు."

ఆ ఒక్క క్షణం వచ్చినందుకు బాగుందనిపించింది. తర్వాత ఆవిడ మూట మీది దారాన్ని వేలితో తడిమింది, తడుముతూ ఉండిపోయింది.

"ఈ దారం నేను కట్టింది" అంది. "పాతది పోగు పోగు ఊడిపోతా ఉండె. తెగి కింద పడితే బిడ్డ కాపురానికి అరిష్టమని భయపడితి. దసరాకి ముందు స్టూలేసుకోని ఎక్కి, పాతది తెంపి, కొత్తది పసుపులో ముంచి కట్టినా. పాతదాని మీదనే కొత్తది సుట్టేసి ఉంటే సరిపోయుండె. తెంపకుండానే కట్టొచ్చు. నాకా బుద్ధి పుట్టలే."

నా చూపు ఆ పచ్చటి దారం మీదకు పోయింది.

"తెంపినప్పుడు లోపల సూసినా. పెండ్లినాడు ఎట్లుండెనో అట్లే ఉండాయి, కొత్తగా. ఎంత సంతోషపడితినో. ఎవురికీ సెప్పుకోలేక నాలో నేనే నవ్వుకుంటి. వారం తిరగలే, దానికి జరమని ఫోనొచ్చింది."

ఇప్పుడు నాకు అర్థమైంది. ఇన్ని నెలలు ఆవిడ నన్ను పిలిచింది దారం తెంపడానికి కాదు. మిగిలినవాడు తెంపాల్సిన దారాన్ని, కూతురు బతికుండగానే తన చేత్తో తెంపేసింది. ఈ మాట చెప్పుకోవడానికి ఆవిడకు లోకంలో నేనొక్కణ్ణే ఉన్నాను.

"అత్తా, ఆవిడ కాలేయం ఎప్పటి నుంచో పాడవుతూ ఉందట. డాక్టరు చెప్పాడు. రెండేళ్ళ కిందటే మొదలైందట."

"డాక్టరుకి దారం సంగతి తెలుసునా?"

ఆవిడ నా చెయ్యి పట్టుకుంది.

"నేనే సంపినానా నాయనా నా బిడ్డని?"

"కాదు" అన్నాను. అన్నాను గానీ, వెంటనే అనలేదు. ఆవిడ అడగడానికీ, నేను అనడానికీ మధ్య నా లోపల ఏదో ఒకటి ఆ పచ్చటి దారం వైపు చూసి, ఎందుకు ముట్టుకున్నావు, నిన్నెవరు ముట్టుకోమన్నారు అని అరిచింది. ఇరవై ఏళ్ళు పిల్లలకు కారణాలూ ఫలితాలూ నేర్పినవాణ్ణి, ఆ ఒక్క ఊపిరిలో పూర్తిగా నమ్మాను. తర్వాతే కాదన్నాను. నా కాదు కాస్త ఆలస్యంగా వచ్చింది. ఆవిడ నా మొహం చూస్తూనే ఉంది.

"సరే నాయనా. తెంపు" అంది.

దిండు కింద నుంచి చిన్న కొడవలి తీసి ఇచ్చింది. తెంపాను. రెండు బాసింగాలూ విడిపోయి నా ఒళ్లో వెల్లకిలా పడ్డాయి. వీపులు మసి, ముఖాలు ధగధగ. జరీకాగితం నిన్న అంటించినట్టుంది. ఒక్క పూస రాలలేదు. నల్లబడ్డ నా చేతుల్లో అవి అలా మెరుస్తుంటే ఏడుపు ఆపుకోలేకపోయాను. ఆపుకోవాలనీ అనిపించలేదు. అత్త ఏడవలేదు, చూస్తూ ఉంది.

రెడ్డెప్పను పిలిచాను. సరోజ బాసింగాన్ని ఇప్పుడైనా నీళ్ళలో వదలాలి.

"యాడ వదిలేది బావా?" అన్నాడు వాడు. "చెరువు లేదు, బావి లేదు. ట్యాంకరు నీళ్ళలో వదల్లేము కదా."

ముగ్గురం దాన్ని చూస్తూ కూచున్నాం. ఎంతసేపటికో అత్తే అంది, "దాన్ని ఈడనే ఉంచు. నేను పోయేటప్పుడు నా నుదుట కట్టండి. నేను తీసకపోయి బిడ్డకిస్తా."

రెడ్డెప్ప బిత్తరపోయాడు. "అమ్మా, నీకు బాసింగమా? నాయన పోయి ఎన్నేళ్ళాయె! ఊర్లో ఏమంటారు?"

"నాది కాదు కదరా. మోసకపోయేదాన్నే నేను. దానికి జవాబు సెప్పుకోవల్సింది కూడా నేనే కదా" అని, కనకాంబరాల దండ ఆ బాసింగానికి చుట్టి, తన దిండు పక్కన పెట్టుకుంది. నా బాసింగాన్ని నాకిచ్చి, "నీది నీ కాడ ఉంచుకో" అంది.

మరో రెండు రోజులున్నాను. అత్త నాతో బాగానే మాట్లాడింది. తెనాలిలో వంటెవరు చేస్తున్నారని అడిగింది, బొప్పి తగ్గిందా అని అడిగింది. దారం మాట మళ్ళీ ఎత్తలేదు. నేను ఎత్తి, కాదని మళ్ళీ గట్టిగా చెప్పాలని ఎన్నోసార్లు మంచం దాకా వెళ్ళాను. రెండోసారి చెప్పే కాదుకు విలువుండదని తెలిసి వెనక్కొచ్చాను.

తెనాలి

శ్రావణంలో రెడ్డెప్ప ఫోన్ చేశాడు. అత్త చనిపోయింది. నాకు తెలిసేసరికే సాగనంపడమూ అయిపోయింది, అందుకని ముందు అదే అడిగాను, బాసింగం కట్టారా అని.

"కట్టినాము బావా. ముండమోసినదానికి బాసింగమేందని పెద్దోళ్ళు లేసినారు. ఒప్పుకోలే. నేనే లోపల కట్టి, పైన పైట కొంగు నుదుటి దాకా కప్పేసినా. కట్టిందెవురికీ కనపడలే."

ఆవిడ చివర్లో ఏమైనా అందా అనడిగాను.

"నీ గురించే అనింది బావా. 'అల్లుడు కాదన్నాడురా, గానీ ఆలోసించి అన్నాడు' అనింది. రెండు మూడు తూర్లు అనింది. ఏంది బావా అది?"

ఏమీ లేదులే అన్నాను.

మా తెనాలి ఇల్లు డాబా, దూలాలు లేవు. నా బాసింగాన్ని పడకగదిలో క్యాలెండరు మేకుకు తగిలించాను. దుమ్ము పడి మెరుపు పోకూడదని ముఖం గోడకేసి తిప్పి పెట్టాను. ఇప్పుడు దానికి ఎదురుగా సున్నం ఉంది.